స్పిట్‌ఫైర్‌కు నీళ్లు ఇచ్చిందెంత? బ్రిటిష్ సీప్లేన్ల చరిత్రలో మరుగున పడ్డ సగం

బ్రిటన్ సైనిక విమానాల గురించి ఎక్కడ చదివినా ఒక కథ తప్పకుండా ఎదురవుతుంది. 1931లో సీప్లేన్ల వేగ పందెమైన ష్నైడర్ ట్రోఫీని ఆ దేశానికి శాశ్వతంగా సంపాదించిపెట్టిన సూపర్‌మెరీన్ కంపెనీ ఎస్.6బి సీప్లేన్‌కు ఫ్లోట్లు (నీటి మీద తేల్చే కాళ్లు) ఊడదీసి, చక్రాలు తగిలించి, మెషిన్‌గన్లు బిగిస్తే రెండో ప్రపంచ యుద్ధంలో పేరుమోసిన యుద్ధవిమానం స్పిట్‌ఫైర్ తయారైందని దాని సారాంశం. రెండింటి రూపకర్త ఆర్.జె.మిచెలే. రెండింటికీ ఇంజిన్ ఇచ్చింది రోల్స్ రాయిసే. పైగా తన విమానం యుద్ధంలో గెలవడం చూడకుండానే మిచెల్ 42 ఏళ్లకు కన్నుమూశాడు. ఇంత చక్కగా అల్లుకున్న కథను ఎవరూ గట్టిగా ప్రశ్నించరు. ప్రశ్నిస్తే తేలేది ఏమిటంటే, పందెం విమానం నుంచి యుద్ధవిమానానికి ఆకారం వారసత్వంగా రాలేదు. వచ్చింది ఇంజిన్ విద్య, లోహపు పనితనం. నీటి మీద వాలే విమానాల అసలు సంప్రదాయం వేరే దారిలో నడిచింది. దానికి దక్కాల్సిన పేరు ఈ కథ నీడలో పడి దక్కకుండా పోయింది.

అసలు వేగానికీ నీటికీ సంబంధం ఏమిటని ఈ తరం పాఠకుడికి సందేహం రావచ్చు. 1920లలో విమానాశ్రయమంటే చాలాచోట్ల గడ్డి మైదానమే. వేగం కోసం రెక్కను చిన్నది చేస్తే విమానం గాల్లోకి లేవడానికి చాలా దూరం పరుగెత్తాలి, దిగేటప్పుడూ అంతే. అప్పటి ప్రొపెల్లర్ల రెక్కల కోణం మార్చే వీలు లేదు కాబట్టి, గరిష్ఠ వేగానికి అమర్చిన ప్రొపెల్లర్ బయలుదేరేటప్పుడు నీరసంగా లాగేది. ఏ గడ్డి మైదానమూ ఇవ్వలేని కిలోమీటర్ల కొద్దీ పరుగును సముద్రం ఉచితంగా ఇచ్చింది. 1927 నుంచి 1939 దాకా ప్రపంచ వేగ రికార్డు వరసగా సీప్లేన్ల చేతుల్లోనే ఉండటానికి కారణం ఇదే. నీటి మీదైతే చిన్న రెక్కతోనూ బతికి బయటపడవచ్చు. అది కూడా అన్నిసార్లూ కాదు. 1928లో వేగ రికార్డు ప్రయత్నంలో కింకెడ్, 1931లో సాధన చేస్తూ బ్రింటన్ అనే బ్రిటిష్ పైలట్లు ప్రాణాలు కోల్పోయారు.

ఎస్.6బిని దగ్గరగా చూస్తే అది ఎంత ప్రత్యేకమైన యంత్రమో తెలుస్తుంది. దాని రోల్స్ రాయిస్ ‘ఆర్’ ఇంజిన్ పరిమాణం 36.7 లీటర్లు. 1929లో 1,900 హార్స్‌పవర్ ఇచ్చిన ఆ ఇంజిన్ నుంచి 1931 నాటికి 2,350 రాబట్టారు. అంత వేడిని చల్లార్చడానికి మామూలు రేడియేటర్ పెడితే గాలి నిరోధం పెరిగి వేగం పోతుంది. అందుకని రెక్క పైతొడుగునే రెండు పొరల రేకుతో చేసి, ఆ పొరల మధ్య నీటిని పారించారు. అది చాలక ఫ్లోట్ల పైభాగాన్నీ రేడియేటర్‌గా మార్చారు. వేడెక్కిన నూనె విమానం పక్కల వెంట తోక దాకా వెళ్లి, చల్లబడి తిరిగొచ్చేది. ఇంధనం ఫ్లోట్లలోనే ఉండేది. ప్రొపెల్లర్ తిరుగుడుకు విమానం ఒక పక్కకు ఒరగకుండా కుడి ఫ్లోట్‌లో కాస్త ఎక్కువ పోసేవారు. ఇక ఆ ఇంధనం బెంజాల్, మిథనాల్, అసిటోన్, సీసం కలిపి రాడ్ బ్యాంక్స్ అనే నిపుణుడు పాకం పట్టినట్లు తయారుచేసిన మిశ్రమం. 1931 సెప్టెంబర్ 13న పైలట్ బూత్‌మన్ ఈ విమానంలో గంటకు సగటున 547 కిలోమీటర్ల వేగంతో పందెం పూర్తిచేశాడు. ఇటలీ, ఫ్రాన్స్ సమయానికి సిద్ధం కాలేకపోవడంతో బరిలో ఉన్నది బ్రిటన్ ఒక్కటే. ఆ నెలాఖరులో స్టెయిన్‌ఫోర్త్ అదే రకం విమానాన్ని 655 కిలోమీటర్ల వేగం దాటించాడు.

ఈ విజయం వెనక లేడీ హూస్టన్ ఇచ్చిన లక్ష పౌండ్ల విరాళం ఉంది. ఆర్థిక మాంద్యంలో మెక్‌డొనాల్డ్ ప్రభుత్వం చేతులెత్తేస్తే ఒక సంపన్న వితంతువు దేశం పరువు కాపాడిందని పత్రికలు మోతెక్కించాయి. 1927లోనూ 1929లోనూ ఖర్చు భరించి, వాయుసేన పైలట్లను పందేనికి పంపింది ప్రభుత్వ ఖజానాయేనన్న సంగతి ఆ మోతలో ఎవరికీ వినపడలేదు.

ఆ తర్వాత జరిగినదాన్ని కథలు చెప్పేవారు సాధారణంగా దాటేస్తారు. వాయుసేన కొత్త యుద్ధవిమానం కోరితే మిచెల్ బృందం టైప్ 224ను రూపొందించింది. 1934 ఫిబ్రవరిలో ఎగిరిన ఆ విమానానికి వంపు తిరిగిన మందపాటి రెక్క, కదలని చక్రాలు, రోల్స్ రాయిస్ గోషాక్ ఇంజిన్ ఉన్నాయి. ఇంజిన్‌లో మరిగిన నీటి ఆవిరిని రెక్క అంచుల్లో చల్లార్చి, మళ్లీ నీరుగా మార్చి వాడుకునే పద్ధతి అందులో పెట్టారు. రెక్కనే రేడియేటర్‌గా వాడాలన్న ష్నైడర్ ఆలోచనకు ఇది తోబుట్టువు. ఆచరణలో చల్లారిన నీరు పంపు దాకా చేరేలోపే మళ్లీ ఆవిరయ్యేది, ఇంజిన్ వేడెక్కిపోయేది. వేగం గంటకు 367 కిలోమీటర్లు దాటలేదు. వాయుసేన దాన్ని పక్కనపెట్టి, చివరికి ఒకదానిపై ఒకటి రెండు రెక్కలుండే గ్లాడియేటర్‌ను ఎంచుకుంది. పందెం పాఠాన్ని ఉన్నదున్నట్లు యుద్ధవిమానానికి అప్పగించిన ఒక్క సందర్భంలో దక్కిన ఫలితం ఇదీ.

1936 మార్చి 5న ఈస్ట్‌లీలో ఎగిరిన స్పిట్‌ఫైర్ ఆ ఓటమి తర్వాత కొత్తగా ఆలోచించి గీసిన విమానం. బెవర్లీ షెన్‌స్టోన్ లెక్కలు కట్టిన పలచని దీర్ఘవృత్తాకార రెక్క, దాని కింద సొరంగంలాంటి గొట్టంలో అమర్చిన రేడియేటర్, లోపలికి ముడుచుకునే చక్రాలు, ఎనిమిది మెషిన్‌గన్లు దాని ప్రత్యేకతలు. వీటిలో ఒక్కటీ ఎస్.6బిలో లేదు. దాని మెర్లిన్ ఇంజిన్ కూడా 27 లీటర్లది. ఆర్ ఇంజిన్ సంతానం కాదు, రోల్స్ రాయిస్ వారి మరో ఇంజిన్ కెస్ట్రెల్ వంశానికి చెందినది. ఆర్ ఇంజిన్‌కు పరిమాణంలో సరిసమానమైన గ్రిఫాన్ ఇంజిన్ యుద్ధం సగం గడిచాక గానీ స్పిట్‌ఫైర్‌లోకి రాలేదు.

ఈ వాదనకు గట్టి సాక్ష్యం ఇటలీ. సీప్లేన్ వేగంలో చివరి మాట ఆ దేశానిదే. 1934 అక్టోబరులో అజెల్లో మాకీ ఎం.సి.72లో గంటకు 709 కిలోమీటర్ల వేగం అందుకున్నాడు; పిస్టన్ ఇంజిన్ సీప్లేన్లలో ఆ రికార్డు నేటికీ చెక్కుచెదరలేదు. దాని రూపకర్త మారియో కాస్తోల్ది మిచెల్‌కు ఏ విధంగానూ తీసిపోడు. పందెమే యుద్ధవిమానాన్ని కనే పక్షంలో ఇటలీకి స్పిట్‌ఫైర్‌ను మించినది దక్కి ఉండాలి. ఆ కాస్తోల్దే 1930ల చివర్లో రూపొందించిన సి.200కు దొరికింది 900 హార్స్‌పవర్‌కు లోపున్న రేడియల్ ఇంజిన్. తర్వాత వచ్చిన సి.202 మంచి యుద్ధవిమానమే, అయితే దాని గుండె జర్మనీ డైమ్లర్ బెంజ్ ఇంజిన్. మిచెల్ వెనక ఉన్నది, కాస్తోల్ది వెనక లేనిది, పందెం ఇంజిన్ అనుభవాన్ని వేల సంఖ్యలో తయారయ్యే సైనిక ఇంజిన్‌లోకి తర్జుమా చేయగల పరిశ్రమ. సూపర్‌ఛార్జర్‌తో ఎక్కువ గాలిని ఇంజిన్‌లోకి కుక్కడం, అందుకు తట్టుకునే సీసపు ఇంధనాలను తయారుచేయడం, విరిగిన భాగాన్ని బలపరిచి మళ్లీ విరిగేదాకా పరీక్షించడం డెర్బీలోని రోల్స్ రాయిస్ కర్మాగారంలో పందేల కాలంలో అలవాటైన పని. ఆ అలవాటే మెర్లిన్‌కు అక్కరకొచ్చింది.

ఇక రెండో దారి. పందేలు మొదలైన రోజుల్లోనే, ఫెలిక్స్‌స్టోలో జాన్ సిరిల్ పోర్ట్ అనే నౌకాదళ అధికారి ఎగిరే పడవలకు (ఫ్లోట్లకు బదులు పొట్టనే పడవలా మలిచి నీటి మీద వాలే విమానాలకు) సరైన అడుగు భాగం ఎలా ఉండాలన్న చిక్కుతో కుస్తీ పట్టాడు. అమెరికా నుంచి వచ్చిన కర్టిస్ పడవల అడుగు ఉత్తర సముద్రపు అలలకు ఆగలేదు. నున్నటి అడుగును నీరు పట్టుకుని కిందికి లాగుతుంది, ఎంత వేగంతో పరుగెత్తినా వదలదు. అడుగులో అడ్డంగా ఒక మెట్టు కోస్తే, ఆ మెట్టు దగ్గర నీరు విడిపోయి గాలి చొరబడుతుంది. పడవ మెల్లగా పైకి తేలి, ముందు భాగం ఆధారంగా నీటి మీద జారి లేస్తుంది. ఆ మెట్టు ఎక్కడ ఉండాలి, ఎంత లోతు ఉండాలి, అడుగు ఎంత కోసుగా ఉండాలి అన్నది తేల్చడానికి పోర్ట్ వరసగా అడుగులు మార్చి మార్చి కట్టించాడు. 1917లో ఫెలిక్స్‌స్టో పడవలు నార్త్ హిండర్ దీపనౌక చుట్టూ సుమారు 96 కిలోమీటర్ల వెడల్పున సాలెగూడులాంటి గస్తీ మార్గాలు గీసుకుని జర్మన్ జలాంతర్గాములను వేటాడాయి. పోర్ట్ 1919లో క్షయతో మరణించాడు. విమానాల పుస్తకాల్లో అతడి పేరు మిచెల్ పేరుకు పక్కన కనిపించడం అరుదు.

మిచెల్ మాటకొస్తే, సూపర్‌మెరీన్‌కు కూడు పెట్టింది పందెం విమానాలు కావు, 1925లో ఎగిరిన సౌతాంప్టన్ గస్తీ పడవ. మొదట్లో దాని అడుగు చెక్కతో ఉండేది. ఆ చెక్క ఏకంగా 180 కిలోల దాకా నీటిని పీల్చుకునేది. విమానం ఎక్కడికి వెళ్లినా ఆ బరువును మోసుకుపోవాల్సిందే. డ్యురాల్యుమిన్ అనే తేలికపాటి అల్యూమినియం మిశ్రలోహపు అడుగు వచ్చాక నీటి బరువుతో కలిపి దాదాపు 400 కిలోలు తగ్గి, 300 కిలోమీటర్లకు పైగా అదనపు ప్రయాణం సాధ్యమైంది. 1927 అక్టోబరులో నాలుగు సౌతాంప్టన్లు ఇంగ్లండ్ నుంచి బయలుదేరి కరాచీ, భారత తీరం, సింగపూర్ మీదుగా ఆస్ట్రేలియాను చుట్టి, హాంకాంగ్ దాకా మొత్తం 43,000 కిలోమీటర్లు తిరిగాయి. రన్‌వేలు లేని సామ్రాజ్యానికి రేవులే విమానాశ్రయాలని ఆ యాత్ర చూపించింది. మిచెలే గీసిన మరో విమానం వాల్రస్; చూడటానికి పాతకాలపు రెండు రెక్కల బండలా ఉండేది. ఇంగ్లిష్ ఛానల్‌లో పడిపోయిన స్పిట్‌ఫైర్ పైలట్లను నీళ్లలోంచి లాగి కాపాడింది ఈ బండే.

ఈ సంప్రదాయానికి శిఖరం షార్ట్ సోదరుల కంపెనీలో ఆర్థర్ గూజ్ రూపొందించిన సండర్‌ల్యాండ్. 1937 అక్టోబరులో తొలిసారి ఎగిరిన ఈ నాలుగు ఇంజిన్ల పడవ 1946 దాకా ఉత్పత్తిలో ఉంది; సుమారు 750 కట్టారు. లోపల రెండు అంతస్తులు, పడుకోవడానికి బల్లలు, వంటగది ఉండేవి. పన్నెండు గంటల గస్తీలో అవి విలాసం కిందికి రావు. జలాంతర్గామి కనిపించని గస్తీలే ఎక్కువ. అయినా నెత్తిన విమానం తిరుగుతోందని తెలిస్తే జలాంతర్గామి నీటి అడుగునే ఉండిపోయి, నౌకల వరసను వెంటాడలేక వెనకబడుతుంది. లెక్కల్లోకి ఎక్కని విజయాలు ఇవి. ప్రతి పడవా ఇంత బాగా కుదిరిందని కాదు. అదే కాలంలో సాండర్స్-రో కట్టిన లెర్విక్ గాల్లో స్థిరంగా నిలవలేక, ఒక ఇంజిన్ ఆగితే ఎగరలేక, 21తోనే ఆగిపోయింది. సండర్‌ల్యాండ్ చాలినన్ని లేక బ్రిటన్ అమెరికా నుంచి కాటలీనా ఎగిరే పడవలు తెచ్చుకుంది. 1942 ఏప్రిల్ 4న సిలోన్ వైపు వస్తున్న జపాన్ నౌకాదళాన్ని పసిగట్టి హెచ్చరించింది ఒక కాటలీనాయే. బంగాళాఖాతంలోకి చొరబడిన మరో జపాన్ దళాన్ని ఆపే శక్తి మాత్రం బ్రిటన్‌కు అప్పుడు లేకపోయింది. ఏప్రిల్ 6న విశాఖపట్నం, కాకినాడల మీద బాంబులు వేసిన విమానాలు ఆ దళంలోని ర్యుజో నౌక నుంచి వచ్చినవే. పందేల్లో నెగ్గిన దేశానికి తూర్పు సముద్రాన కావలి విమానాలు చాలలేదన్నది మన తీరం స్వయంగా అనుభవించిన సంగతి.

సండర్‌ల్యాండ్ తీరుకు నాకు నచ్చే ఉదాహరణ యుద్ధం ముగిశాక జరిగింది. 1948లో సోవియట్ దిగ్బంధంలో చిక్కిన బెర్లిన్‌కు అన్ని సరుకులూ విమానాల్లోనే చేరవేయాల్సి వచ్చింది. అందులో ఉప్పు ఒక తలనొప్పి. నేల మీద దిగే విమానాల లోహాన్నీ, వాటి లోపలి గచ్చు కింద సాగే నియంత్రణ తీగలనూ అది తినేస్తుంది. సండర్‌ల్యాండ్‌ను పుట్టుకతోనే ఉప్పునీటి కోసం కట్టారు, దాని తీగలు పైకప్పు వెంట సాగుతాయి. దాంతో హాంబర్గ్ దగ్గర ఎల్బా నదిలో ఉప్పు ఎక్కించుకుని, బెర్లిన్‌లో హాఫెల్ సరస్సు మీద వాలే పని దానికి అప్పగించారు.

అప్పటికే దాని కాలం చెల్లిపోయింది. చంపింది మరో మెరుగైన పడవ కాదు, కాంక్రీటు. యుద్ధం కోసం ప్రపంచమంతా వందలాది రన్‌వేలు పరిచారు, కోణం మార్చే ప్రొపెల్లర్లు మామూలయ్యాయి. నీరు ఉచితంగా ఇచ్చిన పరుగు ఇప్పుడు నేల మీదే దొరుకుతుంటే, అలల కోసం కట్టిన లోతైన అడుగును గాల్లో మోయడం దండుగైంది. అట్లాంటిక్ నడిమధ్య గస్తీకి అందని ఖాళీని 1943లో పూడ్చింది కూడా చక్రాల మీద దిగే అమెరికా బాంబర్ లిబరేటరే. ఈ సంకేతాన్ని బ్రిటిష్ అధికారులు, కంపెనీలు చదవలేకపోయారన్నది నా అభిప్రాయం. చదివినా చేతిలో ఉన్న పనితనాన్ని వదులుకోవడానికి మనసొప్పలేదేమో. 1947లో సాండర్స్-రో ఏకంగా జెట్ ఇంజిన్ల ఎగిరే పడవను, ఎస్ఆర్.ఎ/1ను, యుద్ధవిమానంగా ఎగిరించింది, మూడింటితో ముగిసింది. 1952లో పది ఇంజిన్లు, 67 మీటర్ల రెక్కలతో ప్రిన్సెస్ అనే ఎగిరే పడవ గాల్లోకి లేచేనాటికి, దాన్ని వాడాల్సిన బ్రిటిష్ విమానయాన సంస్థ బీఓఏసీ ఎగిరే పడవల సర్వీసులు ఆపేసి రెండేళ్లు కావస్తోంది. మూడు ప్రిన్సెస్‌లు కడితే ఎగిరింది ఒక్కటే. వాయుసేనలో చివరి సండర్‌ల్యాండ్లు 1959లో సింగపూర్‌లో సెలవు తీసుకున్నాయి.

పడవ అంతరించినా పని అంతరించలేదు. గస్తీ బాధ్యత నేల మీద దిగే షాకిల్టన్ విమానానికి, తర్వాత నిమ్రాడ్‌కు చేరింది. ఖర్చు పెరిగి ఏళ్ల తరబడి ఆలస్యమైన కొత్త తరం నిమ్రాడ్‌ను 2010లో బ్రిటిష్ ప్రభుత్వం రద్దు చేసి, కట్టిన విమానాలను తుక్కు చేయించింది. వేడుకల్లో ప్రతి వేసవీ స్పిట్‌ఫైర్లు ఎగిరే ఆ ద్వీప దేశంలో, అమెరికా నుంచి కొన్న పోసైడన్లలో మొదటిది 2020లో దిగేదాకా, జలాంతర్గాములను వెతికే సొంత గస్తీ విమానం ఒక్కటీ లేదు.