సావిత్రిని ఆ మంచం మీంచి లేపండి

సావిత్రి జీవితం మీద తిరుపతి కుర్రాళ్లు తీసిన 14 నిమిషాల షార్ట్ ఫిల్మ్‌ను ఈ మధ్య ఒక మిత్రుడి మేడ మీద, గోడకు కట్టిన దుప్పటి మీద చూశాం. అందులో సావిత్రి ముఖమే లేదు. కల్యాణకట్ట నుంచి బయటికొస్తున్న గుండ్లతో మొదలవుతుంది. తర్వాత జుట్టు చిక్కు తీసే చేతులు, సవరం అల్లే చేతులు, ఆ సవరాన్ని ఒక నటి తలకు బిగించే చేతులు. మాటల్లేవు.

"ఏంది సామీ ఇది, మనిషిని చూపీనే లేదే" అన్నాడు పక్కనున్న పెద్దాయన.

నన్ను పట్టుకుంది అదే. తలనీలాలను టీటీడీ వేలం వేస్తుందని మా ఊళ్లో తెలియనిదెవరికి? ఎవరో మొక్కుగా ఇచ్చిన జుట్టు ఇంకెవరికో సింగారమవుతుంది. ఆ జుట్టు ఎవరిదో పెట్టుకున్నామెకు తెలియదు. తెర మీద ఏడ్చే నటి సంగతి మనకు తెలియనట్టే.

చెడింది పదో నిమిషంలో. ఆసుపత్రి మంచం, సెలైన్ బాటిల్, వెనక వీణ. 2018లో వచ్చిన 'మహానటి' కూడా మొదలయ్యేది కోమాతోనే. 1981 డిసెంబరు 26న పోయేదాకా ఆమె 19 నెలలు స్పృహ లేకుండా ఉన్నమాట నిజమే. ఆ 19 నెలల మీదే మనకెందుకింత మోజు? చిత్తూరు నాగయ్య కూడా చివరి రోజుల్లో డబ్బుకు కటకటలాడారు. అయినా ఆయన పేరెత్తితే మా జిల్లాలో ముందు గుర్తొచ్చేది ఆయన వేసిన పోతన, త్యాగయ్య. ఆడవాళ్ల దగ్గరికొచ్చేసరికే మనకు మంచం కావాలి.

1968లో 'చిన్నారి పాపలు'కు సావిత్రి దర్శకత్వం వహిస్తే సంగీతం పి. లీల ఇచ్చారు. కెమెరా నిలపాల్సింది ఆ సెట్టు మీద కాదా? అసలు ప్రయోగమంటే 1957 నాటి 'మాయాబజార్'. 'అహ నా పెళ్ళంట' పాటలో శశిరేఖ (సావిత్రి) రూపంలో ఉన్నది ఘటోత్కచుడు (ఎస్వీ రంగారావు). సుశీల గొంతు మధ్యలో ఘంటసాల గొంతు దూరుతుంది. ఆ క్షణంలో సావిత్రి భుజాలు చూడండి, అచ్చం ఎస్వీ రంగారావు. అంత నాజూకు మనిషిలోకి అంత బరువు ఎలా వచ్చిందో నాకిప్పటికీ అంతుపట్టదు.

కుర్రాళ్లతో ఇదే అన్నాను. "క్లిప్ వాడాలంటే రైట్స్ టెన్షన్ సార్" అన్నారు. క్లిప్ ఎందుకయ్యా, సవరం పెట్టుకున్న ఆ అమ్మాయి చేత గద పట్టినట్టు నాలుగడుగులు వేయించండి చాలు అన్నాను. నవ్వారు. ఆ అమ్మాయి అక్కడే ఉంది. లేచి, దుప్పటి ముందుకొచ్చి, ఛాతీ విరుచుకుని నాలుగడుగులు వేసింది.