వయసు పేరిట వెసులుబాటు

ఫిలిప్పీన్స్ మాజీ నియంత ఫెర్డినాండ్ మార్కోస్ భార్య ఇమెల్డా మార్కోస్ 2018 నవంబరులో ఏడు అవినీతి అభియోగాల్లో దోషిగా తేలారు. ఒక్కోదానికి ఆరేళ్ల ఒక నెల నుంచి 11 ఏళ్ల దాకా జైలు. తక్కువలో తక్కువ లెక్కేసినా 42 ఏళ్లు దాటుతుంది. అయినా అప్పట్లో ఆ దేశ కాంగ్రెస్ (పార్లమెంటు) సభ్యురాలైన ఆమె 3 లక్షల పెసోల బెయిలు కట్టి దర్జాగా ఇంట్లో ఉన్నారు. అప్పటి లెక్కన మన డబ్బుల్లో అది సుమారు 4 లక్షల రూపాయలు. మెట్రో మనీలా గవర్నర్‌గా ఉంటూ స్విస్ ఫౌండేషన్లలోకి ఆమె మళ్లించిన సొమ్ము సుమారు 20 కోట్ల డాలర్లు!

అప్పటికి ఆమెకు 89 ఏళ్లు, ఆరోగ్యం బాగాలేదు, అప్పీలు చేసుకోవడం ఆమె హక్కు అన్నారు. కాదనం. కానీ 2018 నవంబరు 9న తీర్పు వినడానికి రాలేనంత అనారోగ్యంతో ఉన్న మనిషి, ఆ సాయంత్రమే కూతురు ఐమీ పుట్టినరోజు విందులో ఎలా కనిపించారు? సరైన కారణం లేకుండా తీర్పునాడు గైర్హాజరైతే అప్పీలు అవకాశమే పోతుందన్నది అక్కడి కోర్టు నిబంధన. 15 రోజుల్లో లొంగిపోయి సంజాయిషీ ఇస్తే తప్ప మినహాయింపు లేదు. వారం తర్వాత తీరిగ్గా వచ్చి ఒంట్లో బాగాలేదన్నారు. అవినీతి కేసులు విచారించే శాండిగన్‌బయాన్ కోర్టు సరేనంది. అరెస్టు విషయంలో వయసును చూడాలని పోలీసు అధిపతే అంతకుముందే సెలవిచ్చారు. ముసలి జేబుదొంగకు ఏ పోలీసైనా ఈ మాట చెప్పాడా?

వయసు సాకుకు దారి వేసింది 2015లో ఎన్రిలేకు వచ్చిన బెయిలు. బెయిలే లేని ప్రజాధన దోపిడీ కేసులో, 90 దాటిన ఆ సెనేటర్‌ను సుప్రీంకోర్టు విడిచిపెట్టింది. మరి నాటి సెనేటర్ లైలా డి లిమా? ఆమెకు ఏ శిక్షా పడలేదు. మాదకద్రవ్యాల కేసుకు బెయిలు లేదంటూ 2017 ఫిబ్రవరి నుంచి 2023 నవంబరు దాకా పోలీసు ప్రధాన కేంద్రం క్యాంప్ క్రేమ్‌లో నిర్బంధించారు. ఆమె చేసిన అసలు నేరం నాటి అధ్యక్షుడు డుటెర్టెను నిలదీయడమే. శిక్ష పడినామె సభలో, పడనామె నిర్బంధంలో!

ఇమెల్డాకు ఇది పాత ఆటే. 1993లో మరో అవినీతి కేసులో శిక్ష పడింది. అప్పీలు తేలకముందే 1995లో లేటె నుంచి కాంగ్రెస్‌కు గెలిచారు. 1998లో సుప్రీంకోర్టు నిర్దోషిగా వదిలేసింది. 2010 నుంచి ఇలోకోస్ నోర్టేలో వరసగా మూడుసార్లు గెలిచారు. పదవికి శాశ్వతంగా అనర్హురాలని 2018 తీర్పు చెప్పినా, అది అంతిమమయ్యేదాకా అమల్లోకి రాదు. మనం నీతులు చెప్పే స్థితిలో లేకపోయినా, రెండేళ్లు శిక్ష పడితే చట్టసభ సభ్యత్వం తక్షణం రద్దవుతుందని 2013లో మన సుప్రీంకోర్టు తేల్చింది. జయలలితకు ముఖ్యమంత్రి పదవి పోయింది ఆ తీర్పు వల్లే.

మూడింట రెండొంతుల ఓట్లతో సభ్యుణ్ని బహిష్కరించే అధికారం ఫిలిప్పీన్స్ కాంగ్రెస్ దిగువసభ అయిన ప్రతినిధుల సభకు ఉంది. అప్పీలు కోసం ఆగక్కర్లేదు. కానీ అప్పుడు స్పీకర్ కుర్చీలో ఉన్నది గ్లోరియా అరోయో: ప్రజాధన దోపిడీ కేసులో 2016 దాకా ఆసుపత్రి నిర్బంధంలో గడిపి, సుప్రీంకోర్టు కొట్టేస్తే బయటపడిన నాయకురాలు. 2007లో అలాంటి కేసులోనే శిక్ష పడిన మాజీ అధ్యక్షుడు ఎస్ట్రాడాకు, నాటి అధ్యక్షురాలిగా సుమారు ఆరు వారాలకే క్షమాభిక్ష పెట్టిందీ ఆవిడే. ఆయన 2013 నుంచి 2019 దాకా మనీలా మేయర్. అలాంటి సభ ఇమెల్డాను వెళ్లగొడుతుందా? అప్పీలు తేలాలంటారు. కింది కోర్టుకే 27 ఏళ్లు పట్టింది. ఇంకో 27 ఏళ్లు పడితే ఆమెకు 116 ఏళ్లు. అప్పుడు కూడా వయసే చూస్తారా?