ఆ ఫొటోలో అమ్మ ఇంపాలా కాదు

ఒకే ఫార్వర్డ్ మెసేజ్ ఈ వారంలో రావడం ఇది నాలుగోసారి. మొదట కాలేజీ ఫ్రెండ్స్ గ్రూపులో వచ్చింది. తర్వాత ఆఫీసు గ్రూపులో, ఆ తర్వాత మా పిన్ని స్టేటస్‌లో. నిన్న రాత్రి మళ్లీ కాలేజీ గ్రూపులోనే, ఇంకో ఫ్రెండ్ చేతి మీదుగా. "ఆఫ్రికా సఫారీ గురించి 99 శాతం మందికి తెలియని 9 నిజాలు" అని హెడ్డింగు. కింద దండాలు పెడుతున్న చేతులు, ఏడుస్తున్న మొహాలు. "ఇందులో సగం పైగా అబద్ధం రా" అన్నాను. "నిజమో కాదో పక్కన పెట్టు రా, మెసేజ్ ఎంత బాగుందో చూడు" అన్నాడు. సరే, వాడు పక్కన పెట్టినదాన్ని నేను తీసుకుంటున్నాను.

"1. బిగ్ ఫైవ్ అంటే ఆఫ్రికాలో అన్నిటికంటే పెద్దవైన అయిదు జంతువులు."

అలాగైతే చిరుతపులికి ఆ లిస్టులో ఏం పని? అంతెత్తు జిరాఫీ, అంత లావు హిప్పో బయటెందుకు ఉన్నాయి? ఆ పేరు పెట్టింది వేటగాళ్లు. కాలినడకన వెళ్లి వేటాడబోతే ప్రాణం మీదకు తెచ్చే అయిదింటికి, అంటే సింహం, చిరుత, ఏనుగు, ఖడ్గమృగం, ఆఫ్రికా దున్నలకి వాళ్లు పెట్టుకున్న పేరది. టూరిజం వాళ్లు దాన్ని అలాగే బ్రోషర్లలోకి ఎక్కించారు. అంతే సంగతి.

"2. అడవికి రాజు సింహం. వేటంతా ఆయనదే. 3. దుమ్ములగొండి ఒట్టి దొంగ, సింహం తిని వదిలేసింది తిని బతుకుతుంది."

ఈ రెండూ కలిపి చూద్దాం. మన గుజరాత్‌లోని గిర్ అడవి సంగతి వదిలేస్తే, సింహం ఎక్కువగా ఉండేది గడ్డి మైదానాల్లో, అక్కడక్కడా తుమ్మ చెట్లున్న చోట. ఆ మైదానాల్లో వేటలో ఎక్కువ భాగం ఆడ సింహాలదే. మగది అసలు వేటాడదని కాదు. పొదలు దట్టంగా ఉన్నచోట మాటు వేసి బాగానే పడుతుంది. కానీ ఆడవాళ్లు పడగొట్టినదాని మీదకు ముందుగా వచ్చి కూర్చునేదీ అదే. తెలుగులో సింహభాగం అనే మాట ఊరికే పుట్టలేదు.

ఇక దొంగతనం సంగతి. టాంజానియాలో న్గోరోంగోరో అని ఒక అగ్నిపర్వత బిలం ఉంది. చుట్టూ 600 మీటర్ల ఎత్తు గోడ, లోపల సుమారు 260 చదరపు కిలోమీటర్ల గడ్డి నేల. గోడ మీద తెల్లవారుజామున మంచు పట్టి ఉంటుంది, లోపల ఎండ కాస్తూ ఉంటుంది. పొద్దున్నే దిగిన టూరిస్టులకు కనిపించేది ఒకటే సీను: చచ్చిన జంతువు దగ్గర సింహాలు, కాస్త దూరంలో కాచుక్కూర్చున్న దుమ్ములగొండ్లు. చూసినవాళ్లందరూ తీర్పు చెప్పేశారు. 1960లలో హాన్స్ క్రూక్ అనే శాస్త్రవేత్త మాత్రం రాత్రుళ్లు మేలుకుని వాటి వెంట తిరిగాడు. తేలిందేమిటంటే, చాలాసార్లు చీకట్లో వేటాడి పడగొట్టింది దుమ్ములగొండ్లే. ఆ అరుపులు విని వచ్చి లాక్కున్నది సింహాలు. మనం పొద్దున చూసింది దొంగ భోంచేస్తుంటే సొంతదారు ఎదురుచూడటం. నిజమే, దుమ్ములగొండి పాచి కూడా తింటుంది. ఎముకలు నమిలేస్తుంది కాబట్టే మనవాళ్లు ఆ పేరు పెట్టారు. అయితే దొరికినప్పుడు చచ్చినదాన్ని తినడంలో సింహం కూడా మొహమాటపడదు.

"4. కెన్యాలోని కిలిమంజారో." టాంజానియా. ఫొటోల్లో ఏనుగుల వెనక కనిపిస్తుంది చూడండి, ఆ ఏనుగులు ఉండేది కెన్యాలోని అంబొసెలిలో. 5,895 మీటర్ల కొండ కాబట్టి సరిహద్దు ఇవతలికీ కనిపిస్తుంది. పొద్దెక్కితే చాలావరకు మబ్బుల్లోకి వెళ్లిపోతుంది.

"5. చావు దగ్గరపడిన ఏనుగు తనంతట తాను ఏనుగుల శ్మశానానికి నడిచి వెళ్తుంది." వెళ్లదు. తర్వాతది చూద్దాం.

"6. ఏటా ఆగస్టులో ఒక్కసారి లక్షల వైల్డ్‌బీస్ట్‌లు మారా నది దాటుతాయి, సగం మొసళ్లకు ఆహారమైపోతాయి."

వైల్డ్‌బీస్ట్ అంటే ఎద్దులాంటి తల ఉన్న పెద్ద జింక జాతి. ఏటా సగం పోతే కొన్నేళ్లకి చూడటానికి ఏం మిగిలేవి? ఈ మాత్రం లెక్క కూడా ఎవరూ వేసుకోకుండానే పంపేస్తున్నారు. ఆగస్టులో ఒక్కసారి జరిగేది కూడా కాదిది. వాన ఎక్కడ పడితే అక్కడ గడ్డి, గడ్డి ఎక్కడుంటే అక్కడ అవి. ఏడాది పొడుగునా టాంజానియాలోని సెరెంగెటి, కెన్యాలోని మసాయి మారా మధ్య చుట్టు తిరుగుతూనే ఉంటాయి. ఫిబ్రవరి ప్రాంతంలో సెరెంగెటి దక్షిణాన ఉంటాయి, రెండు మూడు వారాల వ్యవధిలో లక్షల్లో ఈనుతాయి. ఉత్తరాన మారా నది దాకా వచ్చేది సుమారుగా జులై నుంచి అక్టోబరు మధ్యలో. అదీ ఒక్కసారి దాటి ఊరుకోవు. ఇటు దాటినవి అటు వాన పడితే మళ్లీ వెనక్కి దాటుతాయి. ఏ రోజు, ఏ రేవులో అన్నది ఎవరూ చెప్పలేరు. ఒడ్డుదాకా వచ్చి మూడు గంటలు నిలబడి వెనక్కి తిరిగిపోయిన మందల్ని చూసినవాళ్లు ఉన్నారు.

చావుల సంగతి కూడా లెక్క కట్టారు. మారా నదిలో మునిగి పోయేవి ఏటా సగటున 6 వేలకు పైనే. చంపేది ఎక్కువగా మొసళ్లు కాదు, తొక్కిసలాట, వరద. ఆ కళేబరాల్లో మొసళ్లు తినేది చాలా చిన్న వంతు. మిగతాది రాబందులు, చేపలు, నీళ్లు పంచుకుంటాయి. ఎముకలు ఏళ్ల తరబడి కరుగుతూ నదికి పోషకాలు ఇస్తూనే ఉంటాయి. వీడియోలో మొసలి నోరు తెరిచిన నాలుగు సెకన్లే ఉంటాయి కాబట్టి కథంతా మొసలిదే అనిపిస్తుంది.

"7. జీబ్రా చారలు దాక్కోవడానికి కాదు, ఈగల్ని తప్పించుకోవడానికి."

ఇది చదివి పకపకా నవ్వాను. ఇదొక్కటి చాలు మెసేజ్ పరువు తీయడానికి అనుకుని వెతకడం మొదలుపెట్టాను. తీరా చూస్తే ఇది నిజానికి చాలా దగ్గరగా ఉంది. 2019లో బ్రిటన్‌లో గుర్రాలకు చారల కోట్లు తొడిగి చూశారు. జోరీగలు దగ్గరదాకా వచ్చాయి కానీ చారల మీద సరిగ్గా వాలలేకపోయాయి. వేగం తగ్గించుకోవడం తెలియక ఢీకొట్టి పోయేవి. అదే ఏడాది జపాన్‌లో నల్లావులకు తెల్ల చారలు పూస్తే ఈగల కాటు సుమారు సగానికి పడిపోయింది. చారల వల్ల ఇంకేవైనా ఉపయోగాలున్నాయా అని వాదనలు నడుస్తూనే ఉన్నాయి గానీ, ఈగల సంగతికి మాత్రం గట్టి ఆధారం ఉంది. తొమ్మిదింటిలో ఒకటి. ఒప్పుకుంటున్నాను, నవ్వినందుకు సారీ.

ఇప్పుడు అసలుది. మా పిన్ని స్టేటస్‌కి ఎక్కింది, నలుగురు ఏడ్చింది దీనికే.

"8. మూడు చిరుతలు ఒక తల్లి జింకను, దాని పిల్లల్ని తరిమాయి. తల్లి తప్పించుకోగలిగినా, పిల్లలు పారిపోవడానికి సమయం దొరకాలని తనే ఎదురెళ్లి లొంగిపోయింది. చూడండి, కళ్లలో భయం లేదు. పిల్లలు క్షేమంగా వెళ్లాయా అని చూస్తోంది. ఈ ఫొటో తీసిన వ్యక్తి డిప్రెషన్‌లోకి వెళ్లిపోయాడు. అమ్మను ప్రేమించే ప్రతి ఒక్కరూ షేర్ చేయండి."

ఫొటో నిజమైనదే. మూడు మచ్చల జంతువులు, మధ్యలో కదలకుండా నిలబడి ఎటో చూస్తున్న ఇంపాలా, అంటే మెసేజ్‌లో చెప్పిన జింక. 2013 సెప్టెంబరులో మసాయి మారాలో తీశారు. తీసింది ఒక మహిళ, "వెళ్లిపోయాడు" అనడానికి లేదు. ఆమెకు డిప్రెషనూ లేదు. ఈ కథ పుట్టాక, మీరు బాగానే ఉన్నారా అని ప్రపంచం నలుమూలల నుంచీ మెసేజ్‌లు వచ్చి పడుతుంటే తల పట్టుకుని, అసలేం జరిగిందో ఆమే రాసింది. అది రాసి ఏళ్లు దాటింది. అబద్ధం మాత్రం ఇంకా మా గ్రూపులో తాజాగా ఉంది.

ముందు చిన్న విషయం. అవి చిరుతలు కావు, చీతాలు. కంటి మూల నుంచి నోటిదాకా కన్నీటి చారలా నల్లటి గీత ఉంటే చీతా. చిరుత ఒంటి మీద మచ్చలు గుండ్రంగా, పూలరేకుల్లా ఉంటాయి. పైగా చిరుత ఒంటరిది, ముగ్గురు కలిసి మిట్టమధ్యాహ్నం వేటకు బయల్దేరే రకం కాదు.

ఆ మూడింటిలో ఒకటి నరాషా అనే తల్లి చీతా. మిగతా రెండూ దాని పిల్లలు, ఈడొచ్చినవే కానీ వేట ఇంకా చేతకానివి. చీతా దవడ చిన్నది. మెడ విరిచేయలేదు, గొంతు పట్టి ఊపిరాడకుండా చేసి చంపాలి. పిల్లలకు ఆ పట్టు దొరకాలంటే ప్రాణమున్న జంతువు మీదే నేర్పాలి. ఆ రోజు నరాషా చేస్తున్నది అదే. ఇంపాలాని పట్టుకుని పిల్లలకు వదిలింది. అవి పట్టు పట్టడం మానేసి మీద పడుతూ, కాళ్లకు అడ్డం పడుతూ ఆడుకున్నాయి. పిల్లికి చెలగాటం ఎలుకకు ప్రాణసంకటం అంటామే, అక్షరాలా అదే. చివరికి విసిగి తల్లే పని ముగించింది. ఇంపాలా కదలకుండా నిలబడింది షాక్ వల్ల. దాని చూపు కొసన పరిగెడుతున్న పిల్లలు మెసేజ్ రాసినవాడి బుర్రలో తప్ప ఎక్కడా లేరు.

ఈ కథ మనకి ఇంత తొందరగా ఎందుకు ఎక్కిందో తెలుసు. చిన్నప్పుడు ఆవూ పులీ కథ విని ఏడ్చినవాళ్లమే అందరమూ. కానీ ఆ కథలో పులికి ఇల్లూ వాకిలీ ఉండవు, పిల్లలు ఉండరు. ఇక్కడున్నాయి. అమ్మ ప్రేమ కావాలనుకుంటే ఆ ఫొటోలో ఉంది, గొంతు పట్టుకుని నిలబడి ఉంది. ఏడాదిన్నర పాటు పిల్లల్ని వెంటేసుకుని, ఒక్కతే వేటాడి మేపి, చదువు చెబుతున్న తల్లి. మనం దాన్నే రాక్షసిని చేసి, షేర్ కొట్టి, అమ్మ మీద ప్రేమ చాటుకుంటున్నాం.

"9. మనసులో ద్వేషం లేకుండా దగ్గరకు వెళ్తే ఏ జంతువూ ఏమీ చేయదు. బండి దిగి నేల మీద నిలబడితేనే అసలైన సఫారీ."

ఏడోది తప్ప మిగతావన్నీ ఒట్టి కబుర్లు. దీనివల్ల మనుషులూ పోతారు, జంతువులూ పోతాయి. సింహానికి మన మనసు చదివే విద్య ఎవరు నేర్పారో నాకు తెలియదు. బండిలో కదలకుండా కూర్చున్నంతసేపు దానికి బండీ మనమూ కలిపి ఒక పెద్ద ఆకారం, పట్టించుకోదు అంటారు గైడ్లు. లేచి నిలబడ్డా, చెయ్యి బయట పెట్టినా ఆ ఆకారం చెదిరిపోతుంది. 2015లో జొహానెస్‌బర్గ్ దగ్గర ఒక సింహాల పార్కులో కారు అద్దం దించి ఉంచిన పర్యాటకురాలిని సింహం చంపేసింది. ఆమె మనసులో ద్వేషం ఉందనుకోవాలా? నడిచి తిరిగే సఫారీలు ఉన్న మాట నిజమే, దక్షిణాఫ్రికాలోని క్రూగర్ పార్కులోనూ ఉన్నాయి. ముందు తుపాకీ పట్టుకుని రేంజర్ నడుస్తాడు. మెసేజ్‌లో ఆయన లేడు.

మంచి మనసు సంగతే కావాలంటే అమెరికాలోని యెల్లోస్టోన్ వెళ్దాం. 2016 మేలో అక్కడికొచ్చిన టూరిస్టులకు ఒక బైసన్ దూడ కనిపించింది. పాపం చలికి వణుకుతోందనుకుని కారెక్కించి రేంజర్ల దగ్గరకు తీసుకొచ్చారు. నిజంగానే మంచి మనసు. రేంజర్లు ఎన్నిసార్లు తీసుకెళ్లి వదిలినా మంద దాన్ని దగ్గరకు రానివ్వలేదు. అది మళ్లీ మళ్లీ రోడ్డు మీదకు, మనుషుల దగ్గరకు, కార్ల దగ్గరకు వచ్చేది. చివరికి దాన్ని చంపేయాల్సి వచ్చింది.

2025 జులైలో సెరెంగెటి నుంచి ఒక వీడియో వచ్చింది, అది మాత్రం మా గ్రూపులో ఎవరూ ఫార్వర్డ్ చేయలేదు. వైల్డ్‌బీస్ట్‌లు నది దాటి ఒడ్డెక్కే చోట టూరిస్టులు బండ్లు దిగి గుంపుగా నిలబడ్డారు. నీళ్లలోంచి వచ్చినవాటికి దారి లేదు. అందరి చేతుల్లో ఫోన్లు. "అసలైన సఫారీ" అంటే ఇదే కాబోలు.

బండి దిగకపోయినా మనవల్ల జరిగేది జరుగుతుంది. మారాలో చీతాల మీద చేసిన ఒక పరిశోధన 2018లో వచ్చింది. టూరిస్టుల బండ్లు తక్కువగా తిరిగే చోట తల్లి చీతా ఒక్కో ఈతలో సగటున 2.3 పిల్లల్ని పెంచి పెద్ద చేస్తోంది. బండ్లు బాగా ఎక్కువైన చోట 0.2. అంటే అయిదు ఈతలకి ఒక్క పిల్ల. సింహాల, దుమ్ములగొండ్ల బెడద తప్పించుకోవడానికి చీతా పగటిపూట వేటాడుతుంది. పగటిపూట తిరిగేది మనమే.

ఇది నేను చదివి తెలుసుకున్నది మాత్రమే కాదు. మారాలో ఒక పొద్దున మా డ్రైవర్ రేడియోలో ఏదో గరగరమంది, ఆయన బండి తిప్పాడు. వెళ్లేసరికి చీమలపుట్ట మీద ఒక ఆడ చీతా, పక్కన గడ్డిలో రెండు చిన్న తలలు. ఎదురుగా రెండొందల గజాల్లో గజెల్ అనే చిన్న జింకల మంద. అది తల కిందికి దించి, భుజాలు బిగించి, ఒక్కో అడుగే వేస్తోంది. ఒక జంతువు దగ్గర అయిదు బండ్లకు మించకూడదని అక్కడ రూలు. నేను లెక్కపెట్టాను, పదహారు ఉన్నాయి. పదిహేడోది మాది. "ఇంకొంచెం ముందుకు పోనివ్వండి, తల అడ్డొస్తోంది" అన్నది కూడా నేనే. డ్రైవర్ ఒక్క క్షణం నా వైపు చూసి గేరు వేశాడు. డీజిల్ ఇంజిన్ చప్పుడుకి గజెల్‌లు ఒక్కసారిగా తలెత్తాయి, తర్వాత అక్కడ లేవు. చీతా కాసేపు అలాగే నిలబడి చూసింది. వెనక్కి తిరిగి బండ్ల సందులోంచి నడిచి వెళ్లిపోయింది, రెండు పిల్లలూ దాని వెనకే.

ఫొటో బ్రహ్మాండంగా వచ్చింది. ఆ రోజు సాయంత్రమే ఇదే కాలేజీ గ్రూపులో పెట్టాను. అందరూ సూపర్ అన్నారు.