మన తెలుగు అసోసియేషన్ స్టేజీ మీద అడవి కెమెరామెన్‌కి కూడా ఒక గంట ఇద్దాం

పోయిన దీపావళికి ఇంట్లో అందరూ ఉండగా మా అబ్బాయి, ఇప్పుడు టెన్త్ గ్రేడ్, వైల్డ్‌లైఫ్ సినిమాటోగ్రఫీ చేస్తా అన్నాడు. ఒక్కసారిగా అందరూ సైలెంట్. తర్వాత ఒకాయన "హాబీగా చేసుకో నాన్నా, ముందు కంప్యూటర్స్ చదువు" అన్నారు. ఆయన్ని తప్పు పట్టను, వీసా మీద అమెరికా వచ్చి ఇక్కడ నిలదొక్కుకున్న మన భయం అది, నేనూ అదే అనబోయాను.

ఏప్రిల్‌లో ఒకరోజు తెల్లారకముందే వాడి పక్కన పెరట్లో కూర్చున్నా. ట్రైపాడ్ పెట్టి, గింజలు వేసిన కొమ్మ మీదకి లెన్స్ తిప్పి, రెండున్నర గంటలు కదల్లేదు వాడు. చివరికి ఎర్ర కార్డినల్ పిట్ట, మగది, ఒకటి వచ్చి గింజ పొట్టు ముక్కుతో ఒలిచి, పక్కకి జరిగి, ఆడపిట్ట నోట్లో పెట్టింది. వాడికి దొరికింది నాలుగు సెకన్లు. ఊపిరి కూడా బిగబట్టాడు, కెమెరా కదులుతుందని.

ఆ నాలుగు సెకన్లతో ఏమవుతుంది అంటారా, వైల్డ్‌లైఫ్ సినిమాలు తీసే మైక్ పాండే గారిని చూడండి. కెన్యాలో పుట్టిన భారతీయుడు, అంటే మన పిల్లల్లాగే బయట పుట్టి పెరిగినవాడే. గుజరాత్ తీరంలో వేల్ షార్కుల్ని కొక్కేలేసి పట్టి, ఒడ్డుకి లాగి కోస్తుంటే ఆయన కెమెరాలో పట్టాడు. బస్సంత పెరిగే చేప అది, తినేది మాత్రం నీళ్ళలో తేలే ప్లాంక్టన్ అనే చిన్న జీవులు, చిన్న చిన్న చేపలు, మనుషుల జోలికి రాదు, దాని లివర్ నూనె పడవల చెక్కకి పూసేవాళ్ళు, మాంసం ఎగుమతి అయ్యేది. 2000లో ఆయన తీసిన 'షోర్స్ ఆఫ్ సైలెన్స్' వచ్చింది, 2001లో కేంద్ర ప్రభుత్వం వేల్ షార్క్‌ని వన్యప్రాణి చట్టం షెడ్యూల్ 1లో పెట్టింది, అంటే పులికి ఉన్నంత రక్షణ ఒక చేపకి. వైల్డ్‌లైఫ్ సినిమాలకిచ్చే, గ్రీన్ ఆస్కార్ అనే పాండా అవార్డు ఆయనకి మూడుసార్లు వచ్చింది, కానీ నాకైతే ఆ చట్టమే పెద్ద అవార్డు.

కష్టమైన కెరీరే, దాచను. చాలామంది ఫ్రీలాన్సే, మొదట్లో అసిస్టెంట్‌గా బరువులు మోయాలి, నెలలకొద్దీ ఇంటికి దూరం. అందుకే అసోసియేషన్ అండ కావాలంటున్నా. హీరోల్ని, సింగర్స్‌ని పిలుస్తాం, సంతోషమే, వాళ్ళ పక్కన నల్లమలలోనో పులికాట్‌లోనో షూట్ చేసే ఒక్కర్ని పిలిస్తే మన పిల్లలు నేరుగా అడిగి తెలుసుకుంటారు. అలాగే కెమెరా పట్టాలనుకునే ఒక చెంచు కుర్రాడికి ఏడాది ఖర్చులు ఇద్దాం, పులి అడుగు చూసి ఎటు పోయిందో చెప్పగలిగేవాళ్ళు ఆ గూడేల్లోనే ఉన్నారు కదా.

వచ్చే కన్వెన్షన్‌లో ఒక గంట కావాలని ప్రోగ్రామ్ కమిటీకి లెటర్ పంపాను. మీరు కూడా ఒకటి పంపండి.