గేదె చేపకపోతే సూదే దిక్కా?

గేదె చేపట్లేదని, అంటే పొదుగులోకి పాలు వదలట్లేదని రైతు ఫోన్ చేస్తే పశువుల డాక్టర్ నుంచి వచ్చే మొదటి ప్రశ్న "ఏం మేపుతున్నారు?" పితికే మనిషి మారారా, దూడ ఉందా, కొట్టం పక్కన కొత్తగా మోటారేమైనా పెట్టారా అని అడిగేవాళ్లు తక్కువ. నన్నడిగితే పశువుకు పరీక్ష అక్కడే మొదలవ్వాలి.

దూడ మూతి తగిలినా, తెలిసిన చేయి పొదుగు మీద పడినా గేదె మెదడు కింది పిట్యూటరీ గ్రంథి నుంచి ఆక్సిటోసిన్ అనే హార్మోన్ రక్తంలోకి వస్తుంది. పాలను కిందికి దింపేది అదే. గేదె బెదిరిందా, భయంలో పుట్టే అడ్రినలిన్ దానికి అడ్డుపడుతుంది. ఆవు పొదుగులో ఐదో వంతు పాలైనా ముందే కిందికి దిగి ఉంటాయి. గేదెకు అది సుమారు 5 శాతమే. మిగతాదంతా అది ఇష్టపడి వదలాల్సిందే. మా నాయనమ్మ గేదెకు దూడ చచ్చిపోతే, తోలులో గడ్డి కూరి ముందు నిలబెట్టారు. నాకు ఒళ్లు జలదరించింది. గేదె రెండుసార్లు వాసన చూసి, నాకి, చేపింది. "పిచ్చిది, బిడ్డే అనుకుందిరా" అంటూ నాయనమ్మ చెంబు తీసుకుని కూర్చుంది.

ఇప్పుడు ఆ చోటికి సూదితో ఎక్కించే ఆక్సిటోసిన్, లేబుల్ లేని సీసాలో వచ్చింది. పశువు ఆరోగ్యం చెడేలా పాల కోసం ఇంజెక్షన్లు వేయడాన్ని 1960 నాటి జంతు హింస నిరోధక చట్టమే నేరమంది. 2018లో కేంద్రం ప్రైవేటు కంపెనీలు దేశీయ వాడకానికి ఆక్సిటోసిన్ తయారు చేయకుండా నిషేధిస్తే, ఢిల్లీ హైకోర్టు ఆ నిషేధాన్ని అదే ఏడాది డిసెంబరులో కొట్టేసింది. కాన్పు తర్వాత రక్తస్రావం ఆపి తల్లుల ప్రాణం నిలిపే మందు కూడా అదే మరి. కోర్టు చేసింది సబబే. సీసాను ఎంత కట్టడి చేసినా, గేదె ఎందుకు బెదిరిందో అడగకుండా సూది తీసే అలవాటు పోదు.

ఒక్క డాక్టరు ఇన్ని ఊళ్లు చూసుకుంటూ గేదె మూడ్ కూడా కనిపెట్టాలా అంటారు. నిజమే, టైమ్ లేదు. కానీ కనిపెట్టేవాళ్లు ఇంట్లోనే ఉన్నారు కదా! రెండు పూటలా పొదుగు దగ్గర కూర్చునేది చాలా ఇళ్లలో ఆడవాళ్లే. డాక్టర్ వస్తే మాత్రం ముందుకొచ్చి మాట్లాడేది మగాయన. పాల లెక్క ఆయనకు తెలుసు, గేదె సంగతి ఆమెకు తెలుసు. వేసవిలో గేదె మూగ ఎదకు, అంటే పైకి తెలియని ఎదకు వస్తే అరవదు. ఆ పూట పాలు కాస్త తగ్గడం, మాటిమాటికీ ఉచ్చ పోయడం తెల్లవారుజామున ఆమె కంట్లోనే పడతాయి. ఆ మాట డాక్టర్ దాకా వెళ్లకపోతే గేదెను సూడి కట్టించడానికి మళ్లీ ఎద వచ్చేదాకా, సుమారు 21 రోజులు ఆగాలి.