ఎప్పటికైనా వెళ్తుంది, వేళకి తప్ప

స్టార్ ట్రెక్ అనే అంతరిక్ష సీరియళ్ళ అభిమానులు నలుగురు చేరితే అందులో ఏ అంతరిక్ష ఓడ గొప్పదన్న వాదన రాక మానదు. అందరూ తలో పేరూ చెప్పి అలిసిపోయాక ఒకడు తాపీగా గొంతు సవరించుకుని "వెల్స్ తరగతి" అంటాడు. ఇక ఎవరూ మాట్లాడకూడదు. 29వ శతాబ్దపు ఓడ, కాలంలో ముందుకీ వెనక్కీ తిరుగుతుంది, మీ ఓడ తయారు కాకముందే వచ్చి దాని పని పట్టగలదు. ఇంతటి ఓడకి ఎదురేముంది?

నిజమే, ఎదురు లేదు. పని కూడా లేదు. చేసిందల్లా కంపే.

ఆ ఓడల్ని నడిపే శాఖ ఒకటుంది, దాని డ్యూటీ ఏమిటంటే కాలప్రవాహంలో ఎవరూ వేలు పెట్టకుండా కాపలా కాయడం. చేతిలో టెంపరల్ ప్రైమ్ డైరెక్టివ్ అనే నిబంధన ఉంటుంది. వాయేజర్ అనే ఓడ కథ చెప్పే స్టార్ ట్రెక్ సీరియల్ 'వాయేజర్'లో 1996లో వచ్చిన రెండు భాగాల కథలో ఈ శాఖ తొలి దర్శనం ఇచ్చింది. కెప్టెన్ బ్రాక్‌స్టన్ ఏయాన్ అనే చిన్న ఓడేసుకుని 2373కి వస్తాడు. తన కాలంలో సౌరకుటుంబం మొత్తం పేలిపోయిందట, ఆ శిథిలాల్లో వాయేజర్ తాలూకు ముక్క దొరికిందట. ముక్క దొరికింది కాబట్టి నేరం వాయేజర్‌దే. నోటీసు లేదు, విచారణ లేదు, వచ్చీ రాగానే కాల్పులు.

వాయేజర్ తిరగబడింది. రెండూ కాలపు చీలికలో పడ్డాయి. వాయేజర్ 1996లో తేలితే ఏయాన్ 1967లో కూలింది. హెన్రీ స్టార్లింగ్ అనే హిప్పీ కంట పడింది. వాడు దాన్ని విప్పి, చూసిందల్లా కాపీ కొట్టి, కంపెనీ పెట్టి కోట్లకి పడగలెత్తాడు. 20వ శతాబ్దపు కంప్యూటర్ విప్లవానికి మూలం ఆ శిథిలమేనని కథే తేలుస్తుంది. ఆ లెక్కన మన అమీర్‌పేటలో మైత్రీవనం చుట్టూ వెలిసిన కోచింగ్ సెంటర్లన్నీ బ్రాక్‌స్టన్ గారి డ్రైవింగ్ చలవే. ఇక ఆ పేలుడు సంగతి. అదే ఏయాన్‌ని స్టార్లింగ్ సరిగ్గా సెట్ చేయకుండా భవిష్యత్తుకి నడపబోతే జరిగేది అది. అంటే ఈయన ప్రమాదం ఆపడానికి బయల్దేరకపోతే ప్రమాదమే లేదు.

కథ చివర్లో ఇంకో కాలరేఖ నుంచి చెక్కుచెదరని బ్రాక్‌స్టన్ ఒకాయన దిగుతాడు. అప్పటికి వాయేజర్ వాళ్ళు ఎలాగూ భూమి దగ్గరే ఉన్నారు. ఇల్లు డెబ్భై వేల కాంతి సంవత్సరాల దూరమైపోయి, తిరిగి చేరడానికి డెబ్భై అయిదేళ్ళు పట్టే ప్రయాణంలో ఉన్నవాళ్ళు. మా కాలంలో, ఇక్కడే దింపండి బాబూ అంటే, కుదరదు, నిబంధన ఒప్పుకోదు అని ఎక్కణ్ణుంచి వచ్చారో అక్కడికే లాక్కెళ్ళి వదిలాడు. సరే, నిబంధన నిబంధనే అనుకుందాం. మరి ఆ ఓడలోని డాక్టర్, అంటే మనిషి కాని హోలోగ్రామ్ బొమ్మ, ఎక్కడికంటే అక్కడికి తిరగడానికి చేతికి తగిలించుకున్న మొబైల్ ఎమిటర్ మాటేమిటి? అది అచ్చంగా 29వ శతాబ్దపు సరుకు, స్టార్లింగ్ దగ్గర సంపాదించింది. మనుషుల్ని చెక్ చేసిన ఇన్‌స్పెక్టరు దాన్ని చూడనే లేదు. సీరియల్ అయిపోయేదాకా అది ఆ చేతికే ఉంది.

ఇక 1999 నాటి ఎపిసోడ్ 'రెలటివిటీ'. అసలైన వెల్స్ తరగతి ఓడ ఇందులోనే ఉంది, దాని పేరూ రెలటివిటీయే, కెప్టెన్ మళ్ళీ బ్రాక్‌స్టనే. వాయేజర్‌లో ఎవరో బాంబు పెట్టారు. మామూలు కంటికి ఆనదు. కాబట్టి బోర్గ్ అనే సగం యంత్రపు జాతి అమర్చిన కన్ను ఉన్న వాయేజర్ మనిషి సెవెన్ ఆఫ్ నైన్ కావాలి. పద్ధతి ఇదీ: ఓడ పేలే ముందు క్షణంలో ఆమెని ఎత్తుకురావాలి. యూనిఫాం తొడిగి 2371కి పంపాలి. అక్కడ ఓడ ఇంకా రేవులోనే ఉంటుంది. అప్పటికామె ఆ ఓడ మనిషే కాదు, అయినా ఆ ఓడ సిబ్బందిలో ఒకరైనట్టు నటించాలి. వాయేజర్ కెప్టెన్ జేన్‌వేకి అనుమానం వచ్చి ఫోర్స్ ఫీల్డ్ వేస్తే గబగబా వెనక్కి లాగాలి. లాగితే మనిషి చచ్చిపోతుంది. ఏం పర్లేదు, పేలుడుకి ముందు క్షణంలో ఇంకో సెవెన్ ఉంటుందిగా! మళ్ళీ ఎత్తుకురావాలి, మొదటి నుంచీ పాఠం చెప్పాలి, ఈసారి 2372లో వాయేజర్ శత్రువులు కేజాన్లు దాడి చేసిన రోజుకి పంపాలి. దూకినకొద్దీ తలనొప్పి, చూపు తికమక, ఇంకా దూకితే పిచ్చి. ఇన్ని శతాబ్దాలు జల్లెడ పట్టే యంత్రాలున్న ఓడకి, దొంగ దొరికింది ఎక్కడయ్యా అంటే, సొంత కెప్టెన్ కుర్చీలో. బాంబు పెట్టింది బ్రాక్‌స్టనే, కాకపోతే కొన్నాళ్ళ తర్వాతి బ్రాక్‌స్టన్.

వెంటనే అదే ఓడలో బ్రాక్‌స్టన్ కింద పనిచేసే లెఫ్టినెంట్ డ్యూకేన్ లేచి ఇప్పటి బ్రాక్‌స్టన్‌ని అరెస్టు చేస్తాడు. చేయబోయే నేరానికి. ముందస్తు అరెస్టులు మనకి కొత్త కాదు. ఛలో అసెంబ్లీ అంటే చాలు, తెల్లారేసరికి గేటు ముందు జీపు ఉంటుంది. కానీ మన ఎస్సై సాయంత్రానికి వదిలేస్తాడు. వీళ్ళు ఏకంగా విచారణకి పంపుతారు.

అసలు ఆ మనిషి ఎందుకలా అయ్యాడు? 1967 నుంచి 1996 దాకా లాస్ ఏంజెలెస్ రోడ్ల మీద చింపిరి బట్టలతో, లోకం అంతమైపోతోందని కాగితాలు అంటించుకుంటూ బతికాడు. ఏ ఏడాదికి కావాలంటే ఆ ఏడాదికి వెళ్ళగలిగే శాఖ. 1967 జనవరికి రావచ్చు, డిసెంబర్‌కి రావచ్చు, ఆయన ఆకలేసిన మొదటి రాత్రికే రావచ్చు. ఎవడూ రాలేదు. సిగ్గుండాలి! వాయేజర్ నీ మీదకి తిరగబడితే తప్పు, నీ ఆఫీసరు ముప్పై ఏళ్ళు పేవ్‌మెంట్ మీద పడుకుంటే తప్పు కాదా? దాన్ని మార్చకూడదని నిబంధన అడ్డమొచ్చిందా? సెవెన్‌ని చంపి చంపి తెచ్చినప్పుడు ఏ నిబంధనా గుర్తుకు రాలేదే? మనిషి పాడయ్యేదాకా ఊరుకుని, పాడయ్యాక సంకెళ్ళు పట్టుకొస్తారు.

పైగా రికార్డుల ముచ్చట చూడండి. 1996 కథ చివరి బ్రాక్‌స్టన్ ఆ కాలరేఖే తనకి తెలీదంటాడు. 1999 బ్రాక్‌స్టన్‌కి ఆ ముప్పై ఏళ్ళూ కడుపులో మంటగా గుర్తున్నాయి. విచారణకి ముందు దొరికిన బ్రాక్‌స్టన్లందర్నీ కలిపి ఒకే మనిషిని చేస్తారట. చేయనివ్వండి. ఆ ముప్పై ఏళ్ళనీ సర్వీసులో కలుపుతారా, జీతం లేని సెలవు కింద కొట్టేస్తారా అన్నది మాత్రం డ్యూకేన్ ఎక్కడా చెప్పలేదు.