పల్లకీలో కూర్చున్నవాడే బోయీ

నటుడికొక పారితోషికం, ఛాయాగ్రాహకుడికొక పారితోషికం ఇచ్చుకుంటూ నిర్మాతలు చితికిపోతున్న ఈ రోజుల్లో, రెండు పనులనూ ఒకే మనిషి నెత్తిన పెట్టే దివ్యౌషధాన్ని నార్వే వారు ఏనాడో ప్రయోగించి చూశారని సవినయంగా మనవి చేస్తున్నాను. 1947 ఏప్రిల్ 28న పెరూలోని కయావో రేవు నుంచి బాల్సా అనే తేలిక చెక్క దుంగల తెప్ప మీద నార్వే సాహసయాత్రికుడు థోర్ హెయర్‌డాల్, మరో ఐదుగురు, ఒక ఆకుపచ్చ చిలుక బయలుదేరగా, ఆ ఆరుగురూ 101 రోజులు పసిఫిక్ మీద గడిపిన వైనమే ‘కోన్-టికి’ చిత్రం. తెప్ప మీద తారాగణమూ వారే, కెమెరా సిబ్బందీ వారే. చిలుక మాత్రం నటనకే పరిమితమైంది.

ఈ పద్ధతిలో ఒక చిన్న చిక్కు లేకపోలేదు. తెప్ప మొత్తం తెర మీద కనబడాలంటే కెమెరా తెప్ప మీద ఉండరాదు కనుక, ఒకరు రబ్బరు పడవలోకి దిగవలసి వచ్చేది. తెప్పకేమో గాలి తోసిన దిక్కుకు పోవడమే గాని వెనక్కి తిరిగి రావడం తెలియదు. ఛాయాగ్రాహకుడు ఫ్రేము కుదరలేదని కాసేపు తాత్సారం చేస్తే కథానాయకులు పసిఫిక్‌లోని పాలినీషియా దీవులకు చేరుకుంటారు, ఆయన నడిసముద్రంలో మిగిలిపోతాడు. అందుకని పడవను తాడుతో తెప్పకు కట్టారు. ఛాయాగ్రాహకుడిని ఇంత గట్టిగా కట్టిపడేసిన ఒప్పందపత్రం సినీచరిత్రలో మరొకటి ఉండకపోవచ్చు.

అసలు పరీక్ష వేరే ఉంది. గాలికి ఎగిరిపోతున్న పడక సంచిని పట్టుకోబోయి ఆ ఆరుగురిలో ఒకడైన హెర్మన్ వాట్సింగర్ సముద్రంలో పడిపోయినప్పుడు, తోటివాడు క్నుట్ హౌగ్లాండ్ తాడు కట్టిన లైఫ్ బెల్టుతో దూకి ఆయనను అందుకున్నాడు, మిగిలిన నలుగురూ ఆ తాడు పట్టుకుని లాగారు. ఆరుగురికీ పాత్రలు సరిపోయాయి, కెమెరాకే మనిషి దొరకలేదు. క్రమశిక్షణ గల ఛాయాగ్రాహకుడైతే తాడు వదిలి ముందు వెలుతురు కొలుచుకునేవాడేమో! అందరూ పల్లకీ ఎక్కితే మోసేవారెవరని మన పెద్దలు అడిగారు గాని, అందరూ మోస్తుంటే ఎక్కేవారెవరని అడగడం మరిచారు.

ఆగస్టు 7న పాలినీషియాలోని రరోయా పగడపు దిబ్బలకు తెప్ప ఢీకొంది, మనుషులూ రీళ్లూ దక్కాయి. ఆ 16 మిల్లీమీటర్ల రీళ్లతో 1950లో విడుదలైన చిత్రానికి ఉత్తమ డాక్యుమెంటరీగా ఆస్కార్ వచ్చింది. దానిని నిర్మాత హోదాలో ఇచ్చింది స్వీడన్‌కు చెందిన ఊలె నూర్డెమార్‌కు. ఆయన తెప్ప ఎక్కలేదు.